‘పెద్దలకు మాత్రమే’ అన్నదెవరు? జపాన్ లేడీ ఫైటర్ల సినిమాల లోగుట్టు

జపాన్ సినిమాల్లో ఆడవాళ్లు కత్తి పట్టినా, రింగులోకి దిగినా ఓటీటీల్లో, యూట్యూబ్‌లో వాటికి దాదాపు ఒకే రకం ట్యాగ్ తగిలిస్తారు: ‘అడల్ట్ యాక్షన్’, లేదా ‘18+’. ఆ ట్యాగ్ చూసి ఏదో ఆశించి క్లిక్ చేసినవాళ్లకు గంటన్నర కరాటే కనిపిస్తుంది. మార్షల్ ఆర్ట్స్ సినిమా కదా అని ఇంట్లో అందరి ముందూ పెట్టినవాళ్లు పదో నిమిషంలో రిమోట్ కోసం వెతుక్కుంటారు. ఇద్దరినీ తప్పు పట్టలేం. యాభై ఏళ్లలో నాలుగైదు వేర్వేరు వ్యాపారాల నుంచి వచ్చిన సినిమాలన్నీ ఆ ఒక్క ట్యాగ్ కిందికి చేరాయి.

కాబట్టి ‘ఈ సినిమాల్లో ఏముంది’ అన్నదాని కంటే ముందు అడగాల్సిన ప్రశ్న ఇంకోటుంది. ఆ ముద్ర ఎవరు వేశారు, ఎందుకు వేశారు?

2014: ఒకే సర్టిఫికెట్, పొంతన లేని రెండు సినిమాలు

2014 ఫిబ్రవరిలో జపాన్‌లో ‘గర్ల్స్ బ్లడ్’ అనే సినిమా వచ్చింది. జపనీస్‌లో దాని పేరు ‘ఆకా × పింకు’. టోక్యోలో రాత్రి జీవితానికి పేరుపడ్డ రొప్పోంగిలో, మూతబడిన ఒక స్కూలు భవనంలో రాత్రిపూట రహస్యంగా ఆడవాళ్ల ఫైట్లు జరుగుతుంటాయి. డబ్బిచ్చి చూసేవాళ్లు చుట్టూ మూగుతారు. అక్కడి స్టార్ ఫైటర్ తన ఒంటికీ మనసుకీ పొత్తు కుదరక నలిగిపోయే మనిషి. కొట్టే భర్త దగ్గర నుంచి పారిపోయి వచ్చిన ఇంకొకావిడ ఆ రింగులో చేరుతుంది. ఇద్దరి మధ్యా ప్రేమ మొదలవుతుంది. నగ్న దృశ్యాలున్నాయి. ఫైట్లు మాత్రం చాలా శుభ్రంగా, ఎవరు ఎవర్ని ఎక్కడ కొట్టారో తెలిసేలా తీశారు.

దర్శకుడు కొయిచి సకమోతో కావడమే దానికి కారణం. అమెరికాలో పవర్ రేంజర్స్ సిరీస్‌కి ఏళ్ల తరబడి పనిచేసి, జపాన్ తిరిగొచ్చాక కామెన్ రైడర్ తీసిన మనిషి ఆయన. అంటే పిల్లల సూపర్‌హీరో ఫైట్లలో చేయి తిరిగినవాడు. హీరోయిన్ యురియా హగా కూడా 2003లో కామెన్ రైడర్‌లో నటించి పేరు తెచ్చుకున్నదే. కథకు ఆధారం కజుకి సకురబా రాసిన నవల. ఆవిడ తర్వాత మరో నవలకు నవోకి ప్రైజ్ అందుకుంది. జపాన్‌లో అది చాలా పెద్ద సాహిత్య పురస్కారం. పిల్లల టీవీ దర్శకుడు, సీరియస్ రచయిత్రి, గ్లామర్ మోడలింగ్ చేసే నటీమణులు: ఈ ముగ్గురూ ఒక్క ప్రాజెక్టులో ఎలా కలిశారన్నది మనకు వింతగా ఉంటుంది గానీ అక్కడ మామూలే.

అదే ఏడాది డిసెంబర్‌లో ‘100 యెన్ లవ్’ విడుదలైంది. ముప్పై రెండేళ్లొచ్చినా తల్లిదండ్రుల ఇంట్లోనే వీడియో గేములాడుకుంటూ పడుండే ఇచికో ఒకరోజు చెల్లెలితో కొట్లాడి బయటికొస్తుంది. ఏ వస్తువైనా వంద యెన్‌లకే అమ్మే షాపులో రాత్రి డ్యూటీకి చేరుతుంది. బాక్సింగ్ మొదలుపెడుతుంది. దర్శకుడు మసహరు తకే, ఇచికోగా సకురా ఆందో. ఈ పాత్రకు ఆవిడకు జపాన్ అకాడమీ ఉత్తమ నటి అవార్డు వచ్చింది. ఆస్కార్ విదేశీ భాషా చిత్రాల పోటీకి జపాన్ ఈ సినిమానే పంపింది.

ఈ రెండిటికీ వచ్చిన సర్టిఫికెట్ ఒక్కటే, ఆర్15 ప్లస్. అంటే 15 ఏళ్ల లోపు వాళ్లు థియేటర్‌లో చూడకూడదు, ఆపై వాళ్లు చూడొచ్చు. జపాన్ లెక్కలో ఈ రెండూ 18+ సినిమాలు కావు. కానీ మొదటిదాన్ని ప్రపంచమంతా ‘అడల్ట్’ షెల్ఫులో పెట్టింది, రెండోదాన్ని ‘స్పోర్ట్స్ డ్రామా’లో పెట్టింది. నిజానికి ‘100 యెన్ లవ్’లో ఒక అత్యాచార దృశ్యం ఉంది. చూడ్డానికి అది రొప్పోంగి సినిమాలో ఉన్నవాటి కన్నా చాలా కష్టంగా ఉంటుంది.

ఎయిరిన్: సర్కారుది కాని సెన్సార్

మన దగ్గర సెన్సార్ బోర్డు 1952 నాటి సినిమాటోగ్రాఫ్ చట్టం కింద పనిచేసే ప్రభుత్వ సంస్థ. జపాన్‌లో ఆ పని చేసే ఎయిరిన్ ప్రభుత్వానిది కాదు. రెండో ప్రపంచ యుద్ధం తర్వాత అమెరికన్ల అధీనంలో ఉన్న రోజుల్లో, 1949లో, సినీ పరిశ్రమ తనకు తానే పెట్టుకున్న కమిటీ అది. 1956లో దారి తప్పిన కుర్రకారు మీద వచ్చిన సినిమాలపై పెద్ద గొడవ జరిగింది. పరిశ్రమ తన సినిమాలకు తనే మార్కులేసుకుంటోందని విమర్శలు రావడంతో, ఎయిరిన్‌ను స్టూడియోలకు కొంత దూరంగా ఉండేలా మార్చారు.

ఇప్పుడున్న నాలుగు వర్గాల పద్ధతికి 1998లో రూపం వచ్చింది, పేర్లు 2009లో మారాయి. అందరికీ అయితే జి. పన్నెండేళ్ల లోపు పిల్లలకు పెద్దల సలహా కావాలంటే పీజీ12. ఆ పైన ఆర్15 ప్లస్, ఆర్18 ప్లస్. మామూలు థియేటర్లు ఎయిరిన్ ముద్ర లేని సినిమా వేయవు. కాబట్టి చట్టం బలవంతం లేకపోయినా వ్యాపారం బలవంతం ఉంది.

చట్టం ఇంకో వైపు నుంచి వస్తుంది. జపాన్ శిక్షాస్మృతిలో 175వ సెక్షన్ అశ్లీల వస్తువుల పంపిణీని నేరం అంటుంది, కానీ ఏది అశ్లీలమో చెప్పదు. 1957లో ఒక అనువాద నవల కేసులో అక్కడి సుప్రీంకోర్టు ఓ నిర్వచనం ఇచ్చింది. అనవసరంగా కామాన్ని రెచ్చగొట్టేది, మామూలు మనిషి సిగ్గును దెబ్బతీసేది, లైంగిక నైతికతకు విరుద్ధమైనది అయితే అశ్లీలం అంది. ఎంత రబ్బరులా సాగే నిర్వచనమో చూడండి. జపాన్ వీడియోల్లో కనిపించే ఆ మసక గళ్లు, అంటే మొజాయిక్, ఈ సెక్షన్ భయంతో పుట్టినవే.

ఎయిరిన్ పాస్ చేసినా ఈ సెక్షన్ నుంచి గ్యారంటీ లేదు. 1972లో నిక్కత్సు స్టూడియో సినిమాల మీద పోలీసులు కేసు పెట్టినప్పుడు, వాటికి సర్టిఫికెట్ ఇచ్చిన ఎయిరిన్ పరిశీలకుల్ని కూడా నిందితులుగా చేర్చారు. 1978లో కింది కోర్టు, 1980లో హైకోర్టు వాళ్లను నిర్దోషులన్నాయి. ఎనిమిదేళ్లు తిరిగితే తేలిందది.

టీవీ వచ్చింది, థియేటర్ ఖాళీ అయింది

1958లో జపాన్ థియేటర్లలో అమ్ముడైన టికెట్లు దాదాపు 112 కోట్లు. 1970కల్లా అవి పాతిక కోట్లకు పడిపోయాయి. మధ్యలో ఏం జరిగిందో చెప్పడానికి పెద్ద పరిశోధన అక్కర్లేదు. 1959లో యువరాజు పెళ్లి, 1964లో టోక్యో ఒలింపిక్స్, ఆ రెండూ ఇంట్లో కూర్చుని చూడాలని జనం టీవీలు కొన్నారు. ఆడవాళ్లు, పిల్లలు, కుటుంబాలు థియేటర్‌కు రావడం మానేశారు. మిగిలింది కుర్రాళ్లు, ఒంటరి మగవాళ్లు. వాళ్లకు టీవీలో దొరకనివి రెండే: రక్తం, ఒళ్లు.

చిన్న కంపెనీలు ముందే ఈ దారి పట్టాయి. 1962 నుంచి ‘పింక్ సినిమా’ అనేది మొదలైంది. కొద్ది రోజుల్లో, కొద్దిపాటి డబ్బుతో తీసిన గంట నిడివి శృంగార చిత్రాలు, వాటికోసం ప్రత్యేక హాళ్లు. 1971లో పెద్ద స్టూడియోలు కుదేలయ్యాయి. దైయెయ్ దివాలా తీసింది. నిక్కత్సు అదే ఏడాది నవంబర్‌లో తన యాక్షన్ సినిమాలు దాదాపు ఆపేసి, ‘రోమన్ పోర్నో’ పేరుతో శృంగార చిత్రాల వరసలోకి మారింది. పేరులో పోర్నో అని ఉన్నా అవి నటించిన దృశ్యాలే, నిజమైనవి కావు. దర్శకులకు పెట్టిన షరతు సుమారుగా ఇది: గంటా పది నిమిషాల సినిమా తీయాలి, ప్రతి పది నిమిషాలకూ ఒక శృంగార దృశ్యం ఉండాలి. మిగతా అంతా మీ ఇష్టం. ఈ వరస 1988 దాకా నడిచింది.

తోయే స్టూడియోది వేరే లెక్క. దానికి అప్పటికే యాకుజా సినిమాలు, అంటే ముఠాల కథలు, బాగా ఆడుతున్నాయి. వాటిలో ఒక ఆడమనిషి ఇంకా బాగా ఆడింది. 1968లో మొదలైన ‘రెడ్ పియోనీ గాంబ్లర్’ వరసలో జుంకో ఫుజి వేసిన ఒర్యూ పాత్ర కిమోనో కట్టుకుని, భుజం మీద పియోనీ పువ్వు పచ్చబొట్టుతో, జూదం బల్ల దగ్గర మగవాళ్లను ఒక చూపుతో ఆపేస్తుంది. ఎనిమిది సినిమాలొచ్చాయి. ఎక్కడా అసభ్యత లేదు. ఆమె పచ్చబొట్టు కనిపించేలా భుజం జారిస్తేనే హాలు ఊగిపోయేది. 1972లో ఫుజి పెళ్లి చేసుకుని సినిమాలు వదిలేసింది.

దాదాపు అదే కాలంలో తోయే చేసిన పనే ఇవాళ మనం ‘పింకీ వయొలెన్స్’ అంటున్న సినిమాలు. ఆ పేరు స్థిరపడింది తర్వాతి రోజుల్లో. అప్పట్లో డబుల్ ప్రోగ్రాములో, అంటే ఒకే టికెట్ మీద వేసే రెండు సినిమాల్లో, రెండోదిగా వీటిని తీశారు. ప్రొడ్యూసర్ కంజి అమావో, దర్శకుడు నొరిఫుమి సుజుకి లాంటివాళ్లు ముందుండి నడిపారు. కథలు ఎక్కువగా వీధి ముఠాల ఆడవాళ్లవి, జైలు ఖైదీలవి, జూదగత్తెలవి. ఒర్యూ మర్యాద, నిగ్రహం పోయాయి. కోపం మాత్రం మిగిలింది, దానికి నగ్నత్వం తోడైంది.

పింక్ సినిమాకీ, రోమన్ పోర్నోకీ, పింకీ వయొలెన్స్‌కీ ఉన్న తేడా ఇక్కడే తెలుస్తుంది. మొదటి రెండిట్లో శృంగార దృశ్యం కథకు ఇరుసు. మూడోదాంట్లో ఇరుసు పగ. శృంగారం పోస్టర్ కోసం. కలిపి మాట్లాడేవాళ్లు చాలామంది ఉన్నారు గానీ, పేరులో ‘పింక్’ ఉందన్న పోలిక తప్ప వాటి నిర్మాణం, హాళ్లు, ప్రేక్షకులు వేరు.

‘స్కార్పియన్’: తీరు నాటకీయం, కథ కోపం

ఈ వరసలో ఒక్క సినిమా చూసి అర్థం చేసుకోవాలంటే 1972 నాటి ‘ఫిమేల్ ప్రిజనర్ నం. 701: స్కార్పియన్’ చూడాలి. తొరు షినొహరా బొమ్మల కథ ఆధారం. దర్శకుడు షున్యా ఇతోకి అదే మొదటి సినిమా. హీరోయిన్ మెయికో కాజి. ఆవిడ నిక్కత్సులో ‘స్ట్రే క్యాట్ రాక్’ అనే ముఠా సినిమాలతో అప్పుడప్పుడే స్టార్ అవుతుండగా, ఆ స్టూడియో రోమన్ పోర్నోకి మారింది. ఆవిడ అందులో ఉండలేక తోయేకి వచ్చేసింది. అక్కడ దొరికింది ఆడ ఖైదీల సినిమా. పొయ్యి మీంచి పెనం మీద పడ్డట్టే అనిపిస్తుంది. కానీ ఆవిడ దాన్ని తనకు కావలసినట్టు మలుచుకుంది.

మత్సు అనే అమ్మాయి ఒక పోలీసు డిటెక్టివ్‌ను ప్రేమిస్తుంది. అతను ఆమెను ఎరగా వాడుకుని, ముఠాకి వదిలేసి, తన లాభం తను చూసుకుంటాడు. అతన్ని చంపబోయి ఆమె జైలుకెళ్తుంది. అక్కడినుంచి మిగతా కథంతా తప్పించుకోవడం, దొరకడం, దెబ్బలు, చివరికి పగ తీర్చుకోవడం. బొమ్మల కథలో మత్సు నోటికొచ్చినట్టు బూతులు తిడుతుంది. కాజి ఆ డైలాగులొద్దంది. దాంతో తెర మీది మత్సు దాదాపు మూగది. పెద్ద అంచు టోపీ, నల్ల కోటు, ఆ కళ్లు. నలుగురు మగవాళ్లు కేకలేస్తున్న గదిలో ఆమె మౌనం ఎంత పనిచేస్తుందంటే, అసలు డైలాగు ఉంటే ఈ పాత్ర ఇవాళ్టికి గుర్తుండేది కాదని నా అనుమానం.

ఇతో దీన్ని వాస్తవికంగా తీయలేదు. నేల తిరుగుతుంది, ఆకాశం రంగు ఒక్కసారిగా మారుతుంది, గోడలు స్టేజీ నాటకంలో లాగా జరుగుతాయి. ప్రియుడు మోసం చేసే ఘట్టంలో తెల్ల గుడ్డ మీద పడ్డ గుండ్రని రక్తపు మరక జపాన్ జెండాలా కనిపిస్తుంది. పోలీసు, జైలరు, రాజ్యం అన్నీ ఒకే మగవాడి ముఖాలని ఒక్క షాటులో చెప్పేశాడు. డబుల్ ప్రోగ్రాము కోసం తీసిన సినిమాలో జాతీయ జెండాతో ఈ మాట అనడానికి తోయే ఒప్పుకుందంటే, ఒప్పుకుందనే కన్నా పట్టించుకోలేదనడం సరైనది. అడిగినంత నగ్నత్వం, అడిగినంత రక్తం ఇస్తే చాలు. అద్దె కట్టేసిన ఇంట్లో మేకు ఎక్కడ కొట్టుకుంటావో యజమాని అడగడు.

కాజి ఈ పాత్రలో 1972, 73ల్లో నాలుగు సినిమాలు చేసి వదిలేసింది. ఆవిడే పాడిన ‘ఉరామి బుషి’ పాటను, 1973లో వేరే కంపెనీకి చేసిన ‘లేడీ స్నోబ్లడ్’ పాటను ముప్పై ఏళ్ల తర్వాత క్వెంటిన్ టరాంటినో ‘కిల్ బిల్’లో వాడుకున్నాడు. తెలుగువాళ్లలో చాలామంది ఆవిడ గొంతు విన్నది అలాగే, ఎవరిదో తెలియకుండా.

ఇదే తోయేలో, ఇదే కాలంలో, అసలు బట్టలు జారే అవసరమే లేని ఫైటర్ కూడా ఉంది. యాక్షన్ నటుడు సోనీ చిబా పెట్టిన జపాన్ యాక్షన్ క్లబ్‌లో శిక్షణ పొందిన ఎత్సుకో షిహోమి 1974లో ‘సిస్టర్ స్ట్రీట్ ఫైటర్’ చేసింది. డూప్ లేకుండా తన్నులు, దూకుళ్లు అన్నీ తనవే. అదే ఏడాది చిబా నటించిన ‘ది స్ట్రీట్ ఫైటర్’కి అమెరికాలో కేవలం హింస వల్ల ఎక్స్ రేటింగ్ వచ్చింది. అంటే ‘అడల్ట్’ అన్నమాటకి శృంగారంతో సంబంధమే లేకపోవచ్చు.

వీడియో షాపు షెల్ఫు

1980లకు డబుల్ ప్రోగ్రాములు చచ్చిపోయాయి, వీడియో అద్దె షాపులు పుట్టాయి. 1989 మార్చిలో తోయే ‘వి సినిమా’ అనే వరస మొదలుపెట్టింది. థియేటర్‌కు వెళ్లకుండా నేరుగా క్యాసెట్‌గా వచ్చే సినిమా. మొదటిది గంట నిడివి పోలీసు యాక్షన్. అది బాగా పోవడంతో మిగతా కంపెనీలూ దిగాయి.

ఇక్కడ లెక్క కొంచెం తిరకాసు. ఒక్కో క్యాసెట్ ధర పదివేల యెన్‌లకు పైనే. ఇళ్లలో ఎవరూ కొనరు, షాపులు కొంటాయి. కాబట్టి ప్రేక్షకుడి కన్నా ముందు షాపు యజమానిని ఒప్పించాలి. ఆయన చూసేది పెట్టె మీది బొమ్మ. తుపాకీ, అందమైన అమ్మాయి, రెండూ ఒకే బొమ్మలో ఉంటే షెల్ఫు మీంచి త్వరగా కదులుతుంది. కిరాయి హంతకి, అండర్‌కవర్ పోలీసు అమ్మాయి, నింజా ఆడవాళ్లు వరసలు వరసలుగా వచ్చాయి. 1974లో మికి సుగిమోతో అనే నటి చేసిన ‘జీరో వుమన్’ 1990ల్లో కొత్త నటీమణులతో వీడియో సిరీస్‌గా మళ్లీ పుట్టింది. చాలావరకు నాసిరకమే, దాచుకోనక్కర్లేదు. కానీ తకాషి మీకె, కియోషి కురొసావా లాంటివాళ్లు చేయి సాధన చేసింది ఈ వి సినిమాలోనే. కురొసావా అంతకుముందు పింక్ సినిమా తీశాడు. 2009లో విదేశీ భాషా చిత్రంగా ఆస్కార్ అందుకున్న ‘డిపార్చర్స్’ దర్శకుడు యొజిరో తకితా మొదలైందీ పింక్ సినిమాతోనే.

ఇంకో సంగతి. అడల్ట్ వీడియో, అంటే జపాన్‌లో ఏవీ అనే పరిశ్రమ, పూర్తిగా వేరు. దాన్ని పరిశీలించే సంస్థలు వేరు, షాపులో తెర వెనక గది వేరు. ఆ కంపెనీలు కూడా రెజ్లింగ్, సూపర్ హీరోయిన్ లాంటి వేషాలతో వీడియోలు తీస్తాయి. పోస్టర్లు చూస్తే రెండూ ఒకేలా ఉంటాయి. ఇప్పటి గందరగోళంలో సగం ఇక్కడే పుట్టింది. ఎయిరిన్ ముద్రతో థియేటర్‌కొచ్చిన ‘గర్ల్స్ బ్లడ్’నూ, ఏవీ కంపెనీ తీసిన ఫైట్ వీడియోనూ ఒకే మాటతో పిలిస్తే, నటి చేసిన పని స్వభావమే మారిపోతుంది.

రింగు నేల కిందే ఎందుకుండాలి?

జపాన్ కథల్లో రహస్య ఫైటింగ్ అరేనా అంటే ఎంత మామూలో చెప్పడానికి ఒక్క ఉదాహరణ చాలు. 1991లో మొదలైన ‘బాకి’ బొమ్మల కథలో అది ఏకంగా టోక్యో డోమ్ స్టేడియం కిందే ఉంటుంది. నిజ జీవితంలో అలాంటివాటికి చోటు తక్కువ. పరస్పర ఒప్పందంతో కొట్టుకున్నా నేరమేనని 1889 నాటి ద్వంద్వ యుద్ధాల చట్టం చెబుతుంది, అది ఇప్పటికీ అమల్లోనే ఉంది. పందేలు కాస్తే జూదం కేసు.

అసలు ఆడవాళ్ల ఫైటింగ్ అక్కడ పట్టపగలే జరిగింది. 1968లో మొదలైన ఆల్ జపాన్ విమెన్స్ ప్రో రెజ్లింగ్‌ను ఫుజి టీవీ ఇంటింటికీ చూపించింది. 1980ల్లో చిగుసా నగయో, లయనెస్ అసుకా జోడీ ‘క్రష్ గాల్స్’కి పిచ్చి అభిమానులు స్కూలు అమ్మాయిలు. 1985 ఆగస్టులో ఒసాకాలో నగయో, డంప్ మత్సుమోతో అనే రెజ్లర్ తలపడ్డారు. ఓడినవాళ్లు గుండు గీయించుకోవాలి. నగయో ఓడింది. రక్తం కారుతున్న ముఖంతో రింగు మధ్యలో కూర్చోబెట్టి ఆమె జుట్టు తీసేస్తుంటే హాలు నిండా అమ్మాయిలు గుండెలు బాదుకుని ఏడ్చారు. దాన్ని ఎవరూ అడల్ట్ అనలేదు. తర్వాత ఆడవాళ్ల మిక్స్‌డ్ మార్షల్ ఆర్ట్స్ కూడా వచ్చింది. 2000లో మొదలైన స్మాక్‌గర్ల్ పోటీల్లో నేల మీద పట్టుకు 30 సెకన్ల పరిమితి లాంటి విచిత్ర రూల్సుండేవి.

సినిమా మాత్రం దీన్ని నేల కిందికి తోసింది. నా లెక్కలో రెండు కారణాలు. స్పోర్ట్స్ కథ అయితే సమాఖ్య, శిక్షకుడు, ర్యాంకులు చూపించాలి, ఖర్చు. మూతబడిన స్కూలైతే ఒక సెట్టు, యాభై మంది జూనియర్ ఆర్టిస్టులు సరిపోతారు. రెండోది, నేల కింద రింగులో చూసేవాళ్లు కూడా కథలో పాత్రలే. డబ్బిచ్చి ఆడవాళ్లు కొట్టుకోవడం చూసే మగవాళ్లను తెర మీద చూపిస్తే, హాల్లో కూర్చున్నవాడికి తన మొహం తనకే కనిపించాలి. ‘గర్ల్స్ బ్లడ్’ ఆ పని సగమే చేసింది. చూసేవాళ్లని వెక్కిరిస్తూనే వాళ్లకు కావలసింది వడ్డించింది.

విముక్తి అనాలా, వాడుకోవడం అనాలా?

ఈ సినిమాల మీద వాదన ఎప్పట్నుంచో ఉంది. స్టూడియో లోపలే మొదలైంది. 1969లో, దర్శకుడు తెరువో ఇషీ తీస్తున్న చిత్రహింసల సినిమాల మీద తోయే క్యోటో స్టూడియో అసిస్టెంట్ డైరెక్టర్లే బహిరంగంగా నిరసన తెలిపారు.

విమర్శకుల మాట సూటిగా ఉంటుంది. గంటన్నర సినిమాలో గంట పాటు ఆమెను హింసిస్తారు, చివరి పది నిమిషాల్లో పగ తీర్చుకోనిస్తారు. ఆ పది నిమిషాలు అంతకుముందు గంటకి అనుమతి పత్రం మాత్రమే. కెమెరా ఎవరి కళ్లతో చూస్తోందో గమనిస్తే సంగతి తెలుస్తుంది. రాసిందీ తీసిందీ దాదాపు అందరూ మగవాళ్లే.

సమర్థించేవాళ్లు కూడా గట్టిగానే మాట్లాడతారు. అప్పటి జపాన్ సినిమాల్లో తల్లిగా, భార్యగా కన్నీళ్లు పెట్టని ఆడమనిషి ఇంకెక్కడ దొరికేది? ఇక్కడ ఆమె పోలీసును, జైలరును, ముఠా నాయకుణ్ణి పొడుస్తుంది. చివర్లో ఎవరినీ పెళ్లి చేసుకోదు, ఎవరికీ క్షమాపణ చెప్పదు. తర్వాతి తరంలో ఈ సినిమాలను వెతికి చూసినవాళ్లలో ఆడవాళ్లు చాలామందే ఉన్నారు.

రెండూ ఒకే సినిమాలో నిజం కావచ్చు. ‘స్కార్పియన్’లో జైలు హింస దృశ్యాలు ఎవరి కోసం తీశారో చెప్పనక్కర్లేదు. అదే సినిమాలో కాజి చూపు ఎవరి కోసమో కూడా చెప్పనక్కర్లేదు. అయితే ఈ వాదనలో తెర మీది పాత్ర గురించి మాట్లాడినంతగా, సెట్లో నిలబడ్డ నటి గురించి మాట్లాడలేదు. డైలాగు మార్పించుకోగలిగిన కాజి లాంటివాళ్లు తక్కువ. మిగతావాళ్లు ఒప్పందంలో ఉన్నది చేశారు.

ఆ చర్చ ఇటీవలే ముందుకొచ్చింది. 2021లో వచ్చిన నెట్‌ఫ్లిక్స్ జపాన్ సినిమా ‘రైడ్ ఆర్ డై’ షూటింగులో ఇంటిమసీ కోఆర్డినేటర్ పనిచేశారు. శృంగార దృశ్యాల్లో నటులు దేనికి ఒప్పుకున్నారో ముందే రాసుకుని, అది దాటకుండా చూసే మనిషి. 2022 మార్చిలో సినీరంగంలో లైంగిక వేధింపుల ఆరోపణలు బయటికొచ్చాక, హిరొకాజు కొరెఎదా సహా కొందరు దర్శకులు కలిసి ప్రకటన చేశారు. అదే ఏడాది జూన్‌లో ఏవీ పరిశ్రమలో నటించేవాళ్ల రక్షణకు చట్టం వచ్చింది. ఒప్పందం తర్వాత నెల గడిచాకే షూటింగు, షూటింగు తర్వాత నాలుగు నెలలకే విడుదల, విడుదలైన ఏడాదిలోపు ఏ కారణం లేకుండా ఒప్పందం రద్దు చేసుకునే హక్కు. కానీ ఇది కేవలం కామోద్రేకం కోసమే తీసిన వీడియోలకు వర్తిస్తుంది. కథా చిత్రంలో నగ్నంగా నటించిన అమ్మాయికి ఈ చట్టం అండ లేదు. తెర మీద రెండూ ఒకేలా కనిపించినా, రక్షణ దగ్గరికొచ్చేసరికి గీత ఎక్కడుందో నటీమణులకు బాగా తెలుసు.

మన ఫోనులో కనిపించే 18+

ఇండియాలో ఓటీటీ మీద కనిపించే వయసు గుర్తు ఎయిరిన్‌ది కాదు, మన సెన్సార్ బోర్డుదీ కాదు. 2021 ఐటీ నియమాల ప్రకారం యు, 7+, 13+, 16+, ఏ అనే వర్గాల్లో ఏదివ్వాలో ప్లాట్‌ఫామే నిర్ణయించుకుంటుంది. జపాన్‌లో పదిహేనేళ్ల కుర్రాడు థియేటర్‌లో టికెట్ కొనుక్కుని చూసిన సినిమా, ఇక్కడ ‘ఏ’ అవ్వొచ్చు. యూట్యూబ్ చానెళ్లు థంబ్‌నెయిల్ మీద రాసే 18+ అయితే ఎవరి లెక్కా కాదు, క్లిక్కుల లెక్క.

ఈలోగా అసలు సినిమాలు ఇంకో దారి పట్టాయి. 2009లో కరాటే బ్లాక్ బెల్ట్ రినా తకెదాతో ‘హై కిక్ గర్ల్’ వచ్చింది. ఒళ్లు చూపించే ఊసే లేదు, ప్రతి తన్నునీ స్లో మోషన్‌లో రెండోసారి చూపిస్తారు. 2021 నాటి ‘బేబీ అసాసిన్స్’లో ఇద్దరు కిరాయి హంతకులు. అద్దె ఫ్లాటులో గిన్నెలు ఎవరు కడగాలో వాదించుకునే అమ్మాయిలు. అందులో సఓరి ఇజావా అసలు వృత్తి స్టంట్, ‘జాన్ విక్’ నాలుగో భాగంలో రినా సవయామాకి డూప్ చేసింది ఆవిడే. చిన్న బడ్జెట్‌తో మొదలై మరో రెండు భాగాలు, 2024లో టీవీ సిరీస్ దాకా వెళ్లింది. ఆ సినిమాల్లో ఇజావా చాలావరకు వదులు జాకెట్, ట్రాక్ ప్యాంటులోనే కొడుతుంది.